నడుస్తున్న బండికి మరమ్మతు

కార్ల గురించి ఇక్కడ ఎన్నడైనా ఒక టపా రాస్తానని నేననుకోలేదు. యంత్రాలతో నా పరిచయం బహు స్వల్పం. బండి ఆగితే బానెట్ ఎత్తి, లోపలికి గంభీరంగా ఒక చూపు చూసి, మళ్ళీ దించి, మెకానిక్కుకు ఫోను చేసే కోవకు చెందినవాణ్ణి. చదివే మిత్రుల్లో ఇంజనీర్లు చాలామందే ఉన్నారు. ఎక్కడైనా పొరబడితే దిద్దుతారన్న ధైర్యంతో మొదలుపెడుతున్నాను.

2025 దసరా సెలవులకు హైదరాబాదు నుంచి నిజామాబాదు వెళ్ళినప్పుడు మనసులో ఒకే పని పెట్టుకున్నాను. ఇంటి ముందు రేకుల కింద నిలబడి ఉన్న పాత కారును వదిలించుకోవాలి. 2006లో బాపు కొన్న శాంత్రో అది. నంబరు ఇంకా ఏపీ 25తోనే మొదలవుతుంది. రాష్ట్రం మారి, జిల్లా సంకేతం టీఎస్ 16 అయి, ఆపైన టీజీ అయినా ఆ పలక మాత్రం పాతదిగానే ఉండిపోయింది. సొంత కార్లకు రిజిస్ట్రేషను పదిహేనేళ్ళు. తర్వాత అయిదేసి ఏళ్ళకు పొడిగించుకోవాలి. 2021లో ఒకసారి పొడిగించాం. 2026లో మళ్ళీ ఆ తిరుగుడంతా ఉంది. బాపుకు ఎనభై రెండేళ్ళు. కంటి ఆపరేషను తర్వాత నడపడం మానేశాడు. ప్రతి ఆదివారం పొద్దున వెళ్ళి తాళం తిప్పి, పది నిమిషాలు ఇంజను ఆడించి, ఆపి, గుడ్డతో అద్దం తుడిచి వస్తాడు. అంతకుమించి ఆ బండికి పని లేదు. తుక్కు కొనే మనిషితో నేను ముందే ఫోనులో మాట్లాడి ఉంచాను.

పండుగ మరునాడు అన్నాల వేళ ఆ మాట కదిపాను. కోప్పడతాడనుకున్నాను. కోప్పడలేదు.

"అమ్మితే అమ్ము. గని బెల్టు మార్చినంక అమ్ము" అన్నాడు.

ఏ బెల్టు అన్నాను. టైమింగ్ బెల్టు అన్నాడు. లోపలికి వెళ్ళి ఒక పొడుగాటి ఖాతా పుస్తకం తెచ్చాడు. బండి కొన్ననాటి నుంచి పోసిన ప్రతి ఆయిలూ, మార్చిన ప్రతి టైరూ అందులో ఉన్నాయి. ఒక పుట దగ్గర వేలు పెట్టి చూపించాడు. "12-5-2013. 58,030 కి.మీ. టైమింగ్ బెల్టు, టెన్షనర్ మార్చడమైనది." ఇప్పుడు మీటరు మీద 98 వేల చిల్లర ఉంది. అరవై వేలకు ఒకసారి మార్చాలన్నది అతని లెక్క. నేను తీసివేత చేసి చూపించాను. నలభై వేలే కదా తిరిగింది, ఇంకా ఇరవై వేలు మిగిలే ఉన్నాయి కదా అని.

"ఎన్ని కిలోమీటర్లు తిరిగిందని చూస్తున్నవు. ఎన్ని ఏండ్లాయెనో చూడవా? రబ్బరు అది. తిరిగినా ముసలిదైతది, నిలబడ్డా ముసలిదైతది."

"నడుస్తున్నది గద బాపూ. ఏ చప్పుడూ లేదు."

"చైన్ అయితే తెగే ముందర మొత్తుకుంటది. బెల్టు మొత్తుకోదు. కొనేటోడు తెలువక నడుపుతడు, రోడ్డు మీద నడుమంతరాన ఆగుతది. తెలిసి తెలిసి అట్లాంటి మిషిను ఒకరి చేతిల పెట్టొద్దు."

అప్పుడు నేను అనకూడని మాట అన్నాను. కొనేవాడు నడపడానికి కొనడం లేదు, తూకం వేసి తీసుకుపోతాడు అన్నాను. బాపు ఏమీ అనలేదు. ఖాతా పుస్తకం మూసి, కంచంలో చేయి కడుక్కొని లేచాడు. ఆ రాత్రి నాకు సరిగా నిద్ర పట్టలేదు. మర్నాడు పొద్దున్నే తుక్కు మనిషికి ఫోను చేసి రావద్దన్నాను. తర్వాత బాపు దగ్గరికి వెళ్ళి, పద బెల్టు మార్పిద్దాం అన్నాను.

ఆ మాటలో నేను మరచిన సంగతి ఏమిటో చెప్పాలంటే మా ఇంటి కథ కొంత చెప్పాలి. బాపు 1965 నుంచి 2001 దాకా బోధన్‌లో నిజాం చక్కెర కర్మాగారంలో పనిచేశాడు. చెరకు పిండే మిల్ హౌస్‌లో ఫిట్టరుగా చేరి ఫోర్‌మన్‌గా రిటైరయ్యాడు. నేను పుట్టి పెరిగింది శక్కర్‌నగర్ క్వార్టర్లలో. ఊరి పేరులోనే చక్కెర ఉన్న ఊరు. మంజీర మీద 1923 నుంచి 1931 వరకు నిజాంసాగర్ కట్టారు. ఆ కాలువ నీళ్ళతో మెట్ట భూములు చెరకు తోటలయ్యాయి. ఆ చెరకు కోసం 1937లో కర్మాగారం వచ్చింది. జానకంపేట నుంచి బోధన్‌కు చీలిన రైలు మార్గమూ ఉంది. ఒక కాలంలో ఆసియాలోకెల్లా పెద్ద చక్కెర కర్మాగారం మాదేనని బళ్ళో మేం గొప్పగా చెప్పుకునేవాళ్ళం.

చక్కెర కర్మాగారం ఏడాది పొడుగునా నడవదు. చలికాలం మొదట్లో క్రషింగ్ మొదలై వేసవికి ముగుస్తుంది. ఆ నాలుగయిదు నెలలు రాత్రీ పగలూ తేడా లేదు. బెల్లం కాగుతున్నట్టూ, కొంచెం పులిసినట్టూ ఉండే వాసన ఊరంతా కమ్ముకునేది. ఎడ్లబండ్లు, ట్రాక్టర్లు బారులు తీరేవి. క్రషింగ్ ముగిసిందంటే బయటివాళ్ళు కర్మాగారానికి సెలవులనుకుంటారు. మా ఇంట్లో బాపు అసలు పని అప్పుడే మొదలయ్యేది. దాన్ని అందరూ 'ఆఫ్ సీజన్' అనేవారు. మిల్లులను మొత్తంగా విప్పేసేవారు. టన్నుల బరువున్న ఉక్కు రోలర్లను పైకెత్తి లేతుకు ఎక్కించి, అరిగిన గాడులను మళ్ళీ కోసేవారు. బేరింగుల ఇత్తడి ముక్కలను ఒక్కొక్కటిగా కొలిచేవారు. రసం కాచే గొట్టాలలో పేరుకున్న పొలుసు గీకేవారు. బాయిలరు గొట్టాలు పరీక్షించేవారు. చిన్నప్పుడు నేను అడిగేవాణ్ణట, నిన్నటిదాకా బాగానే తిరిగింది కదా, ఎందుకు విప్పడం అని. బాపు జవాబు నాకు గుర్తు లేదు. అమ్మ బతికున్న రోజుల్లో చెబుతుండేది. "సీజన్ల విప్పవద్దంటే ఇప్పుడే విప్పాలె" అన్నాడట.

రెండు మాటలకూ తేడా ఏమంత లేదని ఇప్పుడు తెలుస్తున్నది.

బోధన్ రోడ్డు పక్కన ఒక షెడ్డుకు బండిని తీసుకువెళ్ళాం. మిస్త్రీ నలభై ఏళ్ళవాడు. అతని తండ్రి దగ్గర బాపు పాత బండ్లు బాగుచేయించేవాడట. "రండ్రి చాచా, కూసోండ్రి" అని ప్లాస్టిక్ కుర్చీ వేశాడు. బాపు కుర్చీని ఇంజను కనబడేంత దగ్గరికి జరుపుకొని కూర్చున్నాడు. నేను నిలబడ్డాను.

మిస్త్రీ జాకీ పెట్టి ముందు చక్రం ఒకటి విప్పి, ఇంజను కింద చెక్క దిమ్మె ఆనించి, పక్కనున్న మౌంటింగు విప్పుతుండగా బాపు నాకు పాఠం మొదలుపెట్టాడు. అందుబాటులో ఉన్న పాత దినపత్రిక అంచు మీద రెండు వృత్తాలు గీశాడు, కిందిది చిన్నది, పైది పెద్దది. కిందిది క్రాంక్, పిస్టన్లు పైకీ కిందికీ ఆడితే తిరిగేది. పైది క్యామ్, కవాటాలను తెరిచేది. ఇంజనుకు నాలుగు అంగలు: గాలీ పెట్రోలూ పీల్చుకోవడం, అదమడం, మండడం, పొగను బయటికి తోయడం. ఈ నాలుగూ పూర్తి కావడానికి క్రాంక్ రెండు చుట్లు తిరగాలి. ఆ లోపల ఒక్కో కవాటం ఒక్కసారే తెరుచుకోవాలి. కనుక క్యామ్ ఒక్క చుట్టే తిరగాలి. అందుకే పై చక్రానికి కింది చక్రం కంటే రెట్టింపు పళ్ళుంటాయి. రెంటినీ కలిపేది ఈ బెల్టు. లోపలి వైపు పళ్ళున్న రబ్బరు పట్టీ, దాని గుండెలో గాజు పోగులతో పేనిన తాళ్ళు. పళ్ళెందుకంటే జారకుండా. మామూలు ఫ్యాను బెల్టు కాస్త జారినా పని ఆగదు. ఇది ఒక్క పన్ను జారినా లెక్క తప్పుతుంది.

ఇంజను నిమిషానికి మూడు వేల చుట్లు తిరుగుతుంటే క్రాంక్ క్షణానికి యాభై చుట్లు తిరుగుతున్నట్టు. అంటే ఒక్కో కవాటం క్షణానికి ఇరవై అయిదుసార్లు తెరుచుకొని మూసుకోవాలి. పిస్టన్ పైకి వచ్చే లోపల కవాటం తప్పుకోవాలి. మా బండి లాంటి ఇంజన్లలో రెండింటికీ చోటు ఒకటే, వేళ వేరు. బెల్టు తెగితే క్యామ్ ఉన్నచోటే ఆగిపోతుంది, క్రాంక్ మాత్రం ఊపులో ఇంకా తిరుగుతుంది. తెరుచుకొని ఉన్న కవాటాలను పిస్టన్లు వచ్చి గుద్దుతాయి. కవాటాలు వంగుతాయి, ఒక్కోసారి పిస్టన్లు కూడా పగులుతాయి. అన్ని ఇంజన్లలోనూ ఇలా కాదు. కొన్నింటిలో రెంటి నడుమా ఎడం విడిచిపెడతారు, బెల్టు తెగితే బండి ఆగడంతో సరిపోతుంది.

తర్వాత నాకు నేనే ఒక లెక్క వేసుకున్నాను. నలభై వేల కిలోమీటర్లను గంటకు సగటున నలభై చొప్పున నడిపి ఉంటే వెయ్యి గంటలు. నిమిషానికి రెండున్నర వేల చుట్లు అనుకుంటే పదిహేను కోట్ల చుట్లు. పదిహేను కోట్లసార్లు వేళ తప్పకుండా పనిచేసిన వస్తువును, చప్పుడు చేయలేదు కనుక బాగుందని నేను అన్నానన్నమాట.

కార్లలో మొదటి నుంచీ ఇలా లేదు. పాత అంబాసిడర్లోనూ, పద్మినిలోనూ ఈ పనికి ఇనుప గొలుసే ఉండేది. పెద్ద సంఖ్యలో తయారైన కార్లలో పళ్ళ బెల్టును మొదట పెట్టింది జర్మనీకి చెందిన గ్లాస్ అనే కంపెనీ, 1962లో, 1004 అనే చిన్న కారుకు. 1966లో అమెరికాలో పాంటియాక్, ఇటలీలో ఫియట్ అదే దారి పట్టాయి. బెల్టు తేలిక, చవక, చప్పుడు ఉండదు, నూనె అక్కరలేదు. గొలుసు అయితే సాగినకొద్దీ గలగలమని ముందే చెబుతుంది. బెల్టు ఆ మేలు చేయదు. అందుకే కంపెనీలు దానికి రెండు గడువులు పెడతాయి, ఇన్ని కిలోమీటర్లు, లేదా ఇన్ని ఏళ్ళు, ఏది ముందైతే అది. నాబోటివాళ్ళం మొదటి గడువే చదువుతాం.

ప్లాస్టిక్ మూత ఊడింది. బెల్టు కనబడింది. నా కళ్ళకు నల్లగా, నిక్షేపంగా ఉంది. లోలోపల, చూశావా, అనవసరంగా వచ్చాం అనుకున్నాను. మిస్త్రీ వెంటనే దాన్ని తీయలేదు. స్పార్కు ప్లగ్గులు విప్పి, పానాతో ఇంజనును చేత్తో నెమ్మదిగా తిప్పి, మొదటి పిస్టన్ పైకి వచ్చేలా నిలిపాడు. కింద చక్రం మీది గుర్తు కవరు మీది గీతకు ఎదురుగా వచ్చింది. పై చక్రం గుర్తు కూడా తన గీతకు ఎదురుగా వచ్చింది. రెండు చోట్లా తెల్లరంగు చుక్కలు పెట్టాడు. "పెద్దాయన ముందట పెట్టకపోతే ఊకోడు" అని నా వైపు చూసి నవ్వాడు. అప్పుడు టెన్షనర్ వదులు చేసి బెల్టు తీసి బాపు చేతికిచ్చాడు.

బాపు దాన్ని వెనక్కి వంచాడు. లోపలి పళ్ళ మొదళ్ళలో వెంట్రుకవాసి పగుళ్ళు, వరుసగా. నేను వేలు పెట్టి తడిమితే తెలియలేదు, వంచితేనే కనబడ్డాయి. ఒకచోట క్యామ్ సీలు నుంచి ఊరిన నూనె అంటి రబ్బరు మెత్తబడింది. మిస్త్రీ నాలుక చప్పరించాడు. ఇది ఇంకా ఎంతకాలం వచ్చేది అని అడిగాను. "అది అల్లాకే ఎరుక సాబ్. రేపు తెగొచ్చు, ఏడాదికి తెగొచ్చు" అన్నాడు. బాపు గెలిచినట్టుగా నా వైపు చూడలేదు. బెల్టును చుట్ట చుట్టి జేబులో పెట్టుకున్నాడు.

నూనె సీలు మార్చాడు, టెన్షనర్ కూడా కొత్తదే వేశాడు. కొన్ని ఇంజన్లలో నీళ్ళ పంపు కూడా ఈ బెల్టు మీదనే తిరుగుతుంది. అలాంటివాటిలో దాన్నీ ఒకేసారి మార్చేస్తారు, మళ్ళీ ఇదంతా విప్పే పని లేకుండా. కొత్త బెల్టు కింది చక్రం నుంచి మొదలుపెట్టి, బిగువు వైపు వదులు లేకుండా పైకి లాగి తొడిగాడు. టెన్షనర్ వదలగానే అది తన స్ప్రింగు బలంతో బెల్టును నొక్కి పట్టుకుంది. బోల్టు బిగించాడు. ఇక కవరు మూయబోతుంటే బాపు లేచాడు.

"తిప్పు."

"చూసినం గద చాచా, గుర్తులు కరెక్టుగ ఉన్నయి."

"నిలబడ్డప్పుడు కరెక్టుగనే ఉంటయి. తిప్పి చూడు. రెండు చుట్లు."

మిస్త్రీ కొంత విసుగుతోనే పానా పెట్టి తిప్పాడు. రెండు చుట్లు పూర్తయ్యాయి. కింది గుర్తు సరిగా గీతకు వచ్చింది. పై గుర్తు రాలేదు. ఒక్క పన్నంత పక్కకు ఉంది. బిగువు వైపు ఎక్కడో చిన్న వదులు మిగిలిపోయి, తిప్పగానే బయటపడిందన్నమాట. మిస్త్రీ ఒక క్షణం ఆలోచించి, "ఒక్క పన్నే గద, నడుస్తది" అన్నాడు. బాపు అతన్ని తిట్టలేదు. కుర్చీ ఇంకొంచెం దగ్గరికి జరుపుకున్నాడు.

"నడుస్తది. నడవదని నేను అన్ననా? కింద చక్రానికి ఇరవై పండ్లున్నయనుకో. ఒక్క పన్నంటే పద్ధెనిమిది డిగ్రీలు. బండి లేస్తది, గుంజదు. పెట్రోలు తాగుతది. వీడు హైదరాబాదు పోయి, బండి పాతదైంది గుంజుత లేదని తుక్కుకు అమ్ముతడు. తప్పు బండి మీదికి పోతది."

నేను తల దించుకున్నాను. మిస్త్రీ నవ్వి, టెన్షనర్ మళ్ళీ వదులు చేసి, మొదటి నుంచి తొడిగాడు. ఈసారి రెండు చుట్లు కాదు, నాలుగు చుట్లు తిప్పించాడు బాపు. రెండేసి చుట్లకు గుర్తులు రెండూ తమ గీతల మీదికే వచ్చాయి. ప్రతిసారీ ఆయన వంగి, కళ్ళజోడు పైకి నెట్టి, చూసి, తల ఊపాడు. ఆపరేషను అయిన కళ్ళతో ఆ గీతలు ఎంత కనబడ్డాయో నాకు తెలియదు.

తాళం తిప్పగానే మొదటిసారికే ఇంజను అందుకుంది. బాపు బానెట్ మీద అరచేయి పెట్టి నిలబడ్డాడు. మిల్ హౌస్‌లో కూడా ఇలాగే చేయి పెట్టి చూసేవాణ్ణని చెప్పాడు. మూడు రోలర్ల మిల్లులో పై రోలరును తిప్పితే, పినియన్ చక్రాల పళ్ళ ద్వారా కింది రెండు రోలర్లూ తిరుగుతాయి. మూడూ ఒకే లెక్కన తిరగాలి. ఒక పన్ను విరిగినా ముందు శబ్దం చెవికి రాదు, చేతికి వస్తుందట. మొత్తం ఖర్చు అయిదు వేల లోపే అయింది. ఇంటికి వచ్చాక ఖాతా పుస్తకంలో రాయమని నేనే గుర్తు చేశాను.

"ట్రయల్ తీయకుంట రాస్తరా?" అన్నాడు.

ట్రయల్ ఎక్కడికో అడగనక్కరలేకపోయింది. మర్నాడు పొద్దున బోధన్‌కు బయలుదేరాం. నేను నడిపాను, ఆయన పక్కన కూర్చున్నాడు. పాతిక కిలోమీటర్లకు అటూ ఇటూ ఉంటుంది. సారంగపూర్ దగ్గర రోడ్డు పక్కన సహకార చక్కెర కర్మాగారం వచ్చింది. అదీ మూతబడి ఏళ్ళయింది. జానకంపేట, ఎడపల్లి దాటాం. నా చిన్నతనంలో ఈ దారి రెండు పక్కలా చెరకే. దసరా నాటికి మనిషి ఎత్తు దాటి, గాలికి బరబరమని మోగేది. ఇప్పుడు చాలామేర వరి పొలాలే కనబడ్డాయి, కోతకు వచ్చి పచ్చగా పండి ఉన్నాయి. పంట తక్కువైందని కాదు. పంట మారింది.

బాపు దారిలో చెరకు కటింగ్ ఆర్డర్ల గురించి చెప్పాడు. నాకు అది కొత్త విషయం కాదు, కాని బెల్టు చూసిన మర్నాడు వినడం వేరుగా ఉంది. నరికిన చెరకు నిలవ ఉంటే అందులో చక్కెర తగ్గిపోతుంది. వీలైతే ఒక రోజు లోపలే మిల్లులో పడాలి. అందుకని ఏ రైతు తోట ఏ రోజు నరకాలో కర్మాగారం చీటీలు పంచేది. తోట పక్వానికి రావడం, కూలీలు దొరకడం, బండి రావడం, మిల్లులో ఖాళీ ఉండడం, ఇవన్నీ ఒకదానికొకటి కుదరాలి. మిల్లు నాలుగు గంటలు ఆగితే బయట బండ్ల బారు మైలు పెరిగేది. ఎడ్లు అక్కడే, మనుషులు అక్కడే, ఎండకు చెరకు అక్కడే. "మేం లోపల పానా పట్టుకొని ఉరికేది మిషిను కోసం అనుకునేటోళ్ళు. బయట రైతు కోసం" అన్నాడు.

2002లో కర్మాగారం ప్రైవేటు భాగస్వామ్యంలోకి వెళ్ళింది. యాభై ఒక్క శాతం ప్రైవేటు సంస్థది, నలభై తొమ్మిది ప్రభుత్వానిది. అప్పటికే బాపు రిటైరై ఏడాది. 2015 డిసెంబరులో లేఆఫ్ ప్రకటించారు. బోధన్‌తో పాటు మెట్‌పల్లి దగ్గరి ముత్యంపేట, మెదక్ దగ్గరి మంబోజిపల్లి యూనిట్లూ ఆగిపోయాయి. మళ్ళీ తెరిపిస్తామన్న మాట చాలాసార్లు వినబడింది. 2024లో పునరుద్ధరణ కోసం ప్రభుత్వం ఒక కమిటీ కూడా వేసింది. ఎవరిది తప్పో తేల్చే శక్తి నాకు లేదు, ఆ వాదం రాయాలని ఇది మొదలుపెట్టలేదు కూడా.

గేటు మూసి ఉంది. రోడ్డు పక్కన బండి ఆపాను. లోపల చెట్ల పైనుంచి పొగగొట్టం కనబడుతున్నది. బాపు దిగలేదు, అద్దం దించి చూస్తూ కూర్చున్నాడు. ఇంజను ఆపబోతే వద్దన్నాడు. కొంతసేపు దాని చప్పుడు తప్ప ఏమీ లేదు.

"ఎన్నేండ్లాయెరా?"

"పదేండ్లు కావస్తున్నది బాపూ."

"పదేండ్ల ఆఫ్ సీజన్" అన్నాడు. కొంచెం ఆగి, "ఆఫ్ సీజన్ల పని చేసేటోళ్ళం. ఎందుకంటే కార్తీకంల మళ్ళ నడుస్తదని తెలుసు. నడువదంటే ఎవడు విప్పుతడు, ఎవడు నూనె పెడతడు?"

నాకు చెప్పడానికి ఏమీ తోచలేదు. కారు అమ్మమని నేనన్నప్పుడు ఆయన పెట్టిన షరతు ఇప్పుడు కొంత అర్థమైంది. కొనేవాడి క్షేమం ఒక్కటే కాదు అందులో ఉన్నది. బాగు చేయడం మానేసిన రోజే యంత్రం పని అయిపోయినట్టు ఆయన లెక్క. తెగే రోజు, ఆగే రోజు, తూకం వేసే రోజు ఆ తర్వాత ఎప్పుడో వస్తాయి. ఆదివారం పది నిమిషాలు ఇంజను ఆడించడం కూడా ఆ లెక్కలోదే. నేను దాన్ని వృద్ధుల కాలక్షేపం అనుకున్నాను. ఆయన రక్తపోటు మాత్రలు, కంటి చుక్కలు, ఆర్నెల్లకోసారి చేయించాల్సిన పరీక్షలు నాకు అప్పుడు గుర్తొచ్చాయి. ఏమీ లేదు, బాగానే ఉన్నాడు కదా అని ఈ ఏడాది వాయిదా వేసింది నేనే. ఆయనా ఏ చప్పుడూ చేయలేదు.

తిరుగు ప్రయాణంలో ఎడపల్లి దగ్గర టీ తాగాం. బండి బాగా గుంజుతున్నదన్నాను. "గుంజుతది" అన్నాడు, అందులో వింత ఏముందన్నట్టు.

ఇంటికి వచ్చాక ఖాతా పుస్తకం తీసి, పొద్దుటి నుంచి జేబులోనే ఉన్న పాత బెల్టును పక్కన పెట్టుకొని, మీటరు చూసిరమ్మని నన్ను పంపాడు. నేను అంకె చెప్పాను. వణుకుతున్న చేత్తో, గుండ్రని పాత అక్షరాలతో రాశాడు. "5-10-2025. 98,412 కి.మీ. టైమింగ్ బెల్టు, టెన్షనర్, క్యామ్ సీలు మార్చడమైనది. బోధన్ వరకు ట్రయల్ తీయడమైనది. శబ్దం లేదు." ఒక్క క్షణం కలం ఆపి, కింద ఇంకో పంక్తి రాశాడు.

"మళ్ళా మార్చవలసినది: 2030 అక్టోబరు లేక 1,58,000 కి.మీ. ఏది ముందైతే అది."

2030కి బాపుకు ఎనభై ఏడేళ్ళు వస్తాయి. పుస్తకం నా చేతికిచ్చి, నీ దగ్గరనే పెట్టుకో అన్నాడు. బండి ఇంకా రేకుల కిందే ఉంది. మర్నాడు హైదరాబాదుకు బయలుదేరే ముందు డాక్టరుకు ఫోను చేసి పరీక్షలకు రోజు ఖాయం చేశాను. ఆ తేదీని కూడా ఖాతా పుస్తకంలో, ఆయన రాసిన పంక్తి కిందనే రాసుకున్నాను.